కాగితం మీద పేలిన ఫిరంగి

ధారావాహిక: నింగికి నిచ్చెనలు – 6వ భాగం

గత భాగంలో కాంగ్రీవ్ రాకెట్ల కథ చెప్పుకున్నాం. మైసూరు సైన్యం చేతిలో దెబ్బతిన్న ఆంగ్లేయులు ఆ ఆయుధాన్నే తమ దేశానికి పట్టుకుపోయి, మెరుగులు దిద్ది, నెపోలియన్ మీదా అమెరికా మీదా ప్రయోగించారు. 19వ శతాబ్దం సగం దాటేసరికి ఆ రాకెట్ల పని అయిపోయింది. గొట్టం లోపల మరలు తీసిన కొత్తరకం ఫిరంగులు వచ్చాయి. వాటి గురి ముందు, దూరం ముందు రాకెట్ నిలవలేకపోయింది. సైన్యాల లెక్కలో అది పాతసామాను, జనం లెక్కలో పండగపూట వెలిగించే తారాజువ్వ. అలాంటి రోజుల్లో, అంటే 1865లో, ఒక రచయిత మనుషుల్ని చంద్రుడి దగ్గరికి పంపాలనుకుంటే ఏ యంత్రాన్ని ఎంచుకుంటాడు? ఆ కాలపు మనిషి ఎవరైనా ఫిరంగినే ఎంచుకుంటాడు. జూల్స్ వెర్న్ కూడా అదే చేశాడు.

'భూమి నుంచి చంద్రుడికి' నవల కూడా మనం చదువుకుంటున్నట్టు విడతలు విడతలుగానే వచ్చింది, పారిస్‌లోని ఒక దినపత్రికలో. అమెరికా అంతర్యుద్ధం ముగిసి అప్పటికి కొన్ని నెలలే అయింది. వెర్న్ కథ అక్కడే మొదలవుతుంది. బాల్టిమోర్ నగరంలో గన్ క్లబ్ అని ఒక సంఘం. సభ్యులంతా ఫిరంగులు చేసేవాళ్లు, పేల్చేవాళ్లు. కాళ్లూ చేతులూ సరిగ్గా ఉన్నవాళ్లు వాళ్లలో తక్కువ. యుద్ధం ఆగిపోయింది, చేతినిండా పని లేదు, మళ్లీ ఎక్కడైనా యుద్ధం వస్తే బాగుండునని నిట్టూరుస్తూ కూర్చుని ఉంటారు. అప్పుడు అధ్యక్షుడు బార్బికేన్ లేచి, కాల్చడానికి శత్రువు లేకపోతే పోనీ, చంద్రుణ్ని కాలుద్దాం అంటాడు. సభ హర్షధ్వానాలతో మారుమోగిపోతుంది. ఈ వెటకారాన్ని గుర్తుంచుకోండి, దీంతో మళ్లీ పని పడుతుంది.

ఆ ఫిరంగి కొలతలు వెర్న్ ఎక్కడా దాటవేయలేదు. పొడవు 900 అడుగులు. ఫ్లోరిడాలోని టాంపా దగ్గర ఒక గుట్ట మీద నిట్టనిలువుగా గొయ్యి తవ్వి, చుట్టూ 1,200 కొలుములు పెట్టి, కరిగిన ఇనుమును ఒకేసారి అందులోకి వదిలి, నేలలోనే పోత పోశారు. మందుగుండు 4 లక్షల పౌన్ల గన్‌కాటన్, అంటే నైట్రిక్ ఆమ్లంతో పేలుడు పదార్థంగా మార్చిన పత్తి, సుమారు 180 టన్నులు. గుండు అల్యూమినియంతో చేసింది, అడ్డకొలత 9 అడుగులు, బరువు దాదాపు 8,700 కిలోలు. మొదట అది ఉత్త గుండే. మిషెల్ ఆర్డాన్ అనే ఫ్రెంచివాడు దాన్ని కూచిమొనగా మార్చండి, నేను లోపల కూర్చుంటానని టెలిగ్రాం కొట్టాక అది వాహనమైంది. (ఆర్డాన్ అంటే వెర్న్ స్నేహితుడు, ఫొటోగ్రాఫర్, బెలూన్ యాత్రికుడు నాదార్. పేరులో అక్షరాలు అటూ ఇటూ చేశాడంతే.)

యంత్రం సంగతి అలా ఉంచండి. నవలలో సగానికి పైగా ఆ యంత్రం సంఘంలో రేపిన దుమారమే. ప్రయోగస్థలం మాకు కావాలంటే మాకు కావాలని టెక్సాస్, ఫ్లోరిడా వాళ్లు వీధిన పడతారు. ప్రపంచమంతా చందాలు వస్తాయి. రష్యా లక్షల రూబుళ్లు పంపుతుంది, ఇంగ్లండ్ మాత్రం చిల్లిగవ్వ ఇవ్వదు. మొత్తం 54 లక్షల డాలర్లకు పైగా పోగవుతుంది. మారుమూల టాంపా నగరమైపోతుంది, రైలుమార్గం వస్తుంది, పని చూడటానికి వచ్చే జనాన్ని ఆపడం ఎవరి తరమూ కాదు. ఒక కొత్త సాంకేతికత వస్తే భూముల ధరలు, పత్రికలు, రాజకీయ నాయకులు, చందాదారులు ఎలా కదులుతారో ఇంత సరదాగా చెప్పిన నవల ఆ కాలంలో నేను మరొకటి చూడలేదు.

చివరికి పేల్చే రాత్రి వస్తుంది. ఇంజనీరు గడియారం చేతబట్టి సెకన్లు లెక్కపెడతాడు. 35, 36, 37 అంటూ పైకి ఎక్కుతూ పోయి 40 దగ్గర మీట నొక్కుతాడు. గుండు లేచిపోతుంది. లోపల ఆర్డాన్, అతనితో పాటు ఎక్కిన మరో ఇద్దరూ బతికారా చచ్చారా అన్నది వెర్న్ వెంటనే చెప్పలేదు. రెండో నవల 1869లో మొదలయ్యేదాకా, నాలుగేళ్లు పాఠకుల్ని వేచి ఉండేలా చేశాడు. ధారావాహికలు రాసేవాళ్లందరికీ ఆయన ఇందుకే గురువు.

బతికారని వెర్న్ అన్నాడు. లెక్క మాత్రం ఒప్పుకోదు. గుండుకు కావలసిన వేగం సెకనుకు 11 కిలోమీటర్లు. ఆ వేగమంతా 900 అడుగుల గొట్టంలోనే, అంటే సుమారు 274 మీటర్ల దూరంలోనే రావాలి. వేగాన్ని వర్గం చేసి, దూరానికి రెట్టింపుతో భాగిస్తే త్వరణం వస్తుంది. ఇంటర్మీడియట్ పిల్లలు చేసే లెక్కే. జవాబు భూమి గురుత్వాకర్షణకు దాదాపు 22 వేల రెట్లు. గుండు గొట్టంలో ఉండేది సెకనులో ఇరవయ్యో వంతు. ఆ క్షణంలో 60 కిలోల మనిషి 1,300 టన్నులకు పైగా తూగుతాడు. ఇంకోలా చెప్పాలంటే, గుండు కదిలిన మరుక్షణం ఆర్డాన్ టోపీయే ఆర్డాన్‌ను చంపేస్తుంది.

వెర్న్‌కు ఈ ప్రమాదం అసలు తట్టలేదని అనుకోకూడదు. గణితం చెప్పే బంధువు ఆన్రీ గార్సే చేత లెక్కలు సరిచూయించుకున్న మనిషి ఆయన. అందుకే గుండు అడుగున మూడడుగుల లోతు నీళ్లు పోసి, దాని మీద తేలే పలక వేసి, అదురు తగ్గుతుందని చెప్పాడు. తగ్గదు. భూమి ఆకర్షణను దాటే వేగం, ప్రయోగస్థలం భూమధ్యరేఖకు ఎంత దగ్గరుండాలన్న విచారణ, ప్రయాణానికి పట్టే 97 గంటలు, ఇవన్నీ దాదాపు సరైనవే. ఆ వేగం అందుకునే పద్ధతే తప్పు. నా దృష్టిలో ఈ నవల అదృష్టమంతా ఈ సగం ఒప్పు, సగం తప్పులోనే ఉంది.

ఎందుకంటే, పక్కనే హెచ్.జి. వెల్స్ ఉన్నాడు. 1901లో ఆయన 'చంద్రుడిలో మొదటి మనుషులు' రాశాడు. అందులో కేవర్ అనే శాస్త్రవేత్త గురుత్వాకర్షణను అడ్డుకునే పదార్థం తయారుచేస్తాడు, పేరు కేవరైట్. గోళానికి చుట్టూ కేవరైట్ తెరలు కట్టి, చంద్రుడి వైపు తెర ఎత్తితే చంద్రుడు లాగేస్తాడు. హాయైన ప్రయాణం, అదురూ లేదు బెదురూ లేదు. ఆ పదార్థాన్ని చూడగానే అతని భాగస్వామికి తట్టేది గుత్తాధిపత్యం, కంపెనీలు, షేర్లు. నవలగా అది వెర్న్ పుస్తకం కంటే లోతైనదని చాలామంది అంటారు, నేనూ కాదనను. వెర్న్‌కు మాత్రం ఒళ్లు మండింది. నేను మందుగుండు వాడాను, అది అందరికీ తెలిసిన వస్తువు, ఆ కేవరైట్ ఏదో చూపించమనండి అని ముసలితనంలో ఒక విలేఖరితో అన్నాడు. ఆ మాటలో అసూయ ఉంటే ఉండవచ్చు, పాయింటు కూడా ఉంది. కేవరైట్‌ను ఎవరూ లెక్కగట్టలేరు. కాబట్టి అది తప్పని నిరూపించి, దాని బదులు ఇంకోటి వెతికేవాడు పుట్టడు. ఫిరంగిని ఎవరైనా లెక్కగట్టవచ్చు. గట్టారు కూడా, ఒకరికొకరు తెలియని ముగ్గురు, మూడు దేశాల్లో.

మొదటివాడు రష్యాలో బడిపంతులు. కాన్‌స్టాంటిన్ త్సియొల్కోవ్‌స్కీ 1857లో పుట్టాడు. పదేళ్ల వయసులో జ్వరం తగిలి చెవుడు వచ్చింది. బడిలో పాఠం వినబడదు, అందుకని చదువంతా గ్రంథాలయాల్లో. పరీక్ష రాసి గణితం చెప్పే ఉద్యోగం సంపాదించుకుని బోరోవ్‌స్క్‌లో, తర్వాత కలూగాలో జీవితం గడిపాడు. అంతరిక్షయానం మీద తనకు మొదటి విత్తనం వేసింది జూల్స్ వెర్నేనని ఆయనే రాసుకున్నాడు. ప్రాణులు ఎంత త్వరణం తట్టుకుంటాయో చూడటానికి గిరగిర తిప్పే యంత్రం ఒకటి చేసి, అందులో పురుగుల్నీ కోడిపిల్లల్నీ కూర్చోబెట్టిన మనిషి. ఫిరంగి కుదరదని తేలిపోయాక ఆయనకు మిగిలింది, సైన్యాలు పారేసిన ఆ తారాజువ్వే. అది వేగాన్ని ఒక్క ఉదుటున తీసుకోదు, కొంచెం కొంచెంగా, నిమిషాల తరబడి పుంజుకుంటుంది. పైగా మందు తన వెంటే ఉంటుంది కాబట్టి గాలి లేని చోట కూడా పనిచేస్తుంది.

1897లో ఆయన రాసుకున్న సమీకరణం, 1903లో అచ్చయిన వ్యాసం ఈ విద్యకు ఓనమాలు. అది చెప్పేదాన్ని మామూలు మాటల్లో చెప్పుకుందాం. రాకెట్ అందుకునే వేగం రెండిటి మీద ఆధారపడుతుంది: వెనక్కి చిమ్మే వాయువు ఎంత జోరుగా పోతోంది, బయలుదేరినప్పటి బరువు చివరికి మిగిలిన బరువుకు ఎన్ని రెట్లు. రెండోదే ప్రాణం తీస్తుంది. 10 రెట్ల బరువుతో బయలుదేరితే ఒక వేగం వస్తుందనుకోండి, దానికి రెట్టింపు వేగం కావాలంటే 20 రెట్లు చాలవు, 100 రెట్లు కావాలి. మూడింతలు కావాలంటే 1,000 రెట్లు. మన శ్రీహరికోట నుంచి 2023 జులై 14న చంద్రయాన్-3ని మోసుకెళ్లిన ఎల్‌వీఎం-3 రాకెట్ నేల మీద నిలబడ్డప్పటి బరువు సుమారు 640 టన్నులు. అది కక్ష్యలో వదిలిన చంద్రయాన్ బరువు 4 టన్నులకు కాస్త తక్కువ. మిగతాదంతా ఇంధనం, దాన్ని పట్టుకున్న డబ్బాలు. సూళ్లూరుపేట మేడల మీద నిలబడి ఆ మంటను చూసినవాళ్లు కలూగా పంతులు సమీకరణాన్నే చూశారు.

1903లో ఆ వ్యాసం పెద్దగా ఎవరికీ పట్టలేదు. దాన్ని జనంలోకి తీసుకెళ్లినవాళ్లలో ముఖ్యుడు యాకొవ్ పెరెల్మాన్. విశాలాంధ్ర పుస్తక ప్రదర్శనల్లో సోవియట్ పుస్తకాలు కొనుక్కున్న తరానికి ఈ పేరు కొత్త కాదు. 1915లోనే గ్రహాంతర ప్రయాణాల మీద పుస్తకం రాశాడు. వెర్న్ ఫిరంగి గుండులో మనిషికి ఏమవుతుందో లెక్కగట్టి, నవ్విస్తూ, భయపెడుతూ పాఠకులకు చూపించాడు. విప్లవం తర్వాత అంగారకయాత్ర మీద 'ఏలీటా' నవల, 1924లో సినిమా వచ్చాయి. అదే ఏడు మాస్కోలో గ్రహాంతర యానం అధ్యయనానికి ఒక సంఘం పెట్టారు. ఆ అక్టోబరులో అమెరికా చంద్రుడి మీదికి రాకెట్ పంపిందన్న పుకారు పుట్టి, దాని మీద చర్చాసభ పెడితే, జనాన్ని అదుపు చేయడానికి పోలీసులు రావాల్సి వచ్చింది. 

ఆ పుకారుకు కారణమైనవాడు రెండోవాడు, రాబర్ట్ గోడార్డ్. అమెరికాలో మసాచుసెట్స్ మనిషి. పదహారేళ్ల వయసులో వెల్స్ 'గ్రహాల మధ్య యుద్ధం' చదివి మత్తెక్కిపోయాడు. (అందులో అంగారకులు భూమి మీదికి వచ్చేది కూడా ఫిరంగి పేలిస్తేనే. కేవరైట్ వెల్స్‌కు తర్వాతి ఆలోచన.) 1899 అక్టోబరు 19న పెరట్లో చెర్రీ చెట్టెక్కి, కొమ్మలు కొడుతూ, అంగారకుడికి వెళ్లే యంత్రాన్ని కలగన్నాడు. జీవితాంతం ఆ తేదీని పండగలా గుర్తుంచుకున్నాడు. వెర్న్ పుస్తకాన్నీ తప్పులు పట్టుకుంటూ చదివాడు.

గోడార్డ్ ఎత్తైన వాతావరణాన్ని రాకెట్లతో చేరవచ్చని ఒక గంభీరమైన పరిశోధన పత్రం రాశాడు. చంద్రుణ్ని కూడా అందుకోవచ్చని చివర్లో అన్న పాపానికి 1920 జనవరి 13న న్యూయార్క్ టైమ్స్ సంపాదకీయం ఆయన్ను ఉతికేసింది. శూన్యంలో తోయడానికి గాలి లేదు కదా, రాకెట్ ఎలా కదులుతుంది, ఈయనకు హైస్కూలు సైన్సు కూడా రాదని దాని సారాంశం. అందరూ చెప్పుకునేది ఇంతవరకే. ఆ సంపాదకీయంలో ఇంకో ముక్క ఉంది. వెర్న్ రెండో నవలలో యాత్రికులు చంద్రుడి చుట్టూ చిక్కుకుపోయి, తమ దారి మార్చుకోవడానికి రాకెట్లు వెలిగిస్తారు. అంత తెలివైన వెర్న్ కూడా అక్కడ పప్పులో కాలేశాడని పత్రిక సెలవిచ్చింది. మనుషుల్ని నుజ్జు చేసే ఫిరంగి మీద ఆక్షేపణ లేదు. రెండు నవలల్లోనూ భౌతికశాస్త్రం నూటికి నూరుపాళ్లు సరిపోయిన ఆ ఒక్క చోటే తప్పు కనబడింది. పెద్దమనుషులు పప్పులో కాలేస్తే ఇలాగే ఉంటుంది.

గోడార్డ్ గాలి తీసేసిన గొట్టంలో మందు పేల్చి చూపించాడు. 1926 మార్చి 16న ఆబర్న్‌లో బంధువుల పొలంలో ప్రపంచంలో మొట్టమొదటి ద్రవ ఇంధన రాకెట్‌ను ఎగరేశాడు. రెండున్నర సెకన్లు, 41 అడుగుల ఎత్తు. పత్రిక దెబ్బ తిన్న మనిషి కాబట్టి తన పని ఎక్కువగా ఎవరికీ చెప్పుకోలేదు. అందువల్ల ఆయన దేశంలో రాకెట్ పిచ్చి పెద్దగా పుట్టలేదు. అది పుట్టింది జర్మనీలో, మూడోవాడి వల్ల.

హెర్మన్ ఒబెర్త్ 1894లో ట్రాన్సిల్వేనియాలో పుట్టిన జర్మన్. వెర్న్ పోయిన 1905 ప్రాంతంలో, పదకొండేళ్ల కుర్రాడిగా ఉన్నప్పుడు తల్లి ఆ రెండు చంద్రయాత్ర నవలలూ తెచ్చిచ్చింది. దాదాపు కంఠతా వచ్చేదాకా చదివాడు. కొంచెం పెద్దయ్యాక లెక్క వేసి, ఫిరంగి మనుషుల్ని చంపుతుందని తేల్చుకున్నాడు. మరి శరీరం ఎంతవరకు తట్టుకుంటుందో చూద్దామని ఈతకొలనులో ఎత్తు నుంచి దూకి, నీళ్లలో ఎంత లోతుకు పోతున్నాడో చూసి, ఆగేటప్పటి అదురును లెక్కగట్టాడు. వెర్న్ కాపాడుతాయనుకున్న నీళ్లనే కొలబద్దగా వాడిన కుర్రాడన్నమాట. 1922లో రాకెట్ల మీద రాసిన సిద్ధాంత వ్యాసాన్ని హైడెల్‌బర్గ్‌లో ఒప్పుకోలేదు. డాక్టరేటు లేకపోతే పోనీ అనుకుని సొంత ఖర్చుతో 1923లో మ్యూనిక్‌లో పుస్తకంగా వేశాడు. వంద పేజీలు కూడా లేవు, నిండా సమీకరణాలు. అమ్ముడుపోదనుకున్న పుస్తకం నిప్పు రాజేసింది.

ఆ తర్వాత జర్మనీలో నాలుగైదేళ్లు ఒకటే సందడి. విల్లీ లే, మాక్స్ వాలియర్ లాంటివాళ్లు ఒబెర్త్ లెక్కల్ని తేలికభాషలో తిరగరాశారు. 1927 జులై 5న బ్రెస్లావ్‌లోని ఒక సత్రంలో కొందరు కూర్చుని అంతరిక్షయాన సంఘం పెట్టారు. మరుసటేడు మే నెలలో ఫ్రిట్జ్ ఫాన్ ఓపెల్ కారు వెనక మందుగొట్టాలు కట్టి, బెర్లిన్ పందేల దారిలో గంటకు 230 కిలోమీటర్లు దాటించాడు. శాస్త్రం పరంగా అది వట్టి తమాషా, కార్ల అమ్మకానికి ప్రకటన. కానీ పేపర్లన్నీ రాకెట్లే. యుద్ధంలో ఓడి, డబ్బు చిత్తుకాగితమైపోయిన అనుభవం నుంచి ఇంకా తేరుకోని జనానికి, ఎవడూ పన్ను వేయలేని దారి ఒకటి పైకి ఉందన్న ఊహ నచ్చింది. 1930లో ప్రయోగశాలలో ఇంజన్ పేలి వాలియర్ చనిపోయాడు. కల్పన కాస్తా ప్రాణాలు అడగడం అక్కడ మొదలు.

ఈ సందడికి పరాకాష్ఠ సినిమా. ఫ్రిట్జ్ లాంగ్ తీసిన 'ఫ్రావ్ ఇమ్ మోండ్', అంటే 'చంద్రుడిలో స్త్రీ', 1929 అక్టోబరు 15న బెర్లిన్‌లో విడుదలైంది. సలహాదారు ఒబెర్తే. ఫిరంగి మాయమైంది. దాని చోట దశలున్న రాకెట్, పెద్ద షెడ్డులో నిలువుగానే తయారై, పట్టాల మీద నెమ్మదిగా బయటికి వస్తుంది. మాటల్లేని సినిమా కాబట్టి ప్రయోగ సమయాన్ని అక్షరాల్లో చూపాలి. వెర్న్ ఇంజనీరులా 35, 36 అని పైకి లెక్కపెడితే ఎప్పుడు పేలుతుందో ప్రేక్షకుడికి తెలియదు, ఉత్కంఠ ఉండదు. అందుకని లాంగ్ లెక్కను తలకిందులు చేశాడు: 6, 5, 4, 3, 2, 1, ఇప్పుడు! ఇవాళ శ్రీహరికోటలో మైకులో వినబడే కౌంట్‌డౌన్‌కు జనం నోళ్లలో ప్రచారం తెచ్చింది ఆ సినిమాయే. ఇంజనీర్లకు ముందు దాని అవసరం పడింది ఒక దర్శకుడికి.

ప్రచారం కోసం విడుదల రోజున నిజం రాకెట్‌నే ఎగరేస్తామని ఒబెర్త్ మాటిచ్చాడు. ఆయన సిద్ధాంతంలో దిట్టే గాని చేతిపనిలో అంతంతమాత్రం. పేలుడు జరిగి కంటికి దెబ్బ తగిలింది, రాకెట్ ఎగరలేదు. కానీ ఆ డబ్బుతో కొన్న సామాను, చేరిన కుర్రాళ్లు మిగిలారు. 1930లో బెర్లిన్ శివార్లలో, సైన్యం వదిలేసిన మందుగుండు గోదాముల స్థలంలో వాళ్లు 'రాకెట్ విమానాశ్రయం' అని బోర్డు పెట్టారు. ఆర్థికమాంద్యం రోజులు, ఉద్యోగం లేని మెకానిక్కులు ఉచిత వసతి కోసం వచ్చి పనిచేసేవారు. ప్రయోగం చూడాలంటే టికెట్. చివరికి కారుతున్న కుళాయిల నీటిబిల్లు కట్టలేక ఆ సంఘం మూతపడింది. అప్పటికే వాళ్లలో పద్దెనిమిదేళ్లకే చేరిన ఒక చురుకైన కుర్రాణ్ని వేరేవాళ్లు తీసుకుపోయారు. పేరు వెర్నర్ ఫాన్ బ్రౌన్.

తీసుకుపోయింది ఎవరు? జర్మన్ సైన్యంలోని ఫిరంగి దళం వాళ్లు. కార్ల్ బెకర్, వాల్టర్ డోర్న్‌బెర్గర్, ఇద్దరూ ఫిరంగి అధికారులే. మొదటి ప్రపంచయుద్ధం తర్వాత వెర్సాయ్ సంధి జర్మనీకి భారీ ఫిరంగుల్ని నిషేధించింది. రాకెట్ల ఊసు అందులో లేదు, తారాజువ్వల్ని ఎవరు నిషేధిస్తారు? చేయడానికి ఫిరంగి లేని ఫిరంగివాళ్లు ఆకాశం వైపు చూశారు. వెర్న్ గన్ క్లబ్ మళ్లీ తలుపు తీసింది. వెర్న్ ఫ్లోరిడా అన్నాడు, అపోలో బయలుదేరింది ఫ్లోరిడా నుంచే, పసిఫిక్ సముద్రంలో పడుతుందన్నాడు, అక్కడే పడింది అంటూ ఆయన్ను కాలజ్ఞానం చెప్పినవాడిగా పొగుడుతుంటారు. నన్నడిగితే ఆయన అసలు జోస్యం ఆ వెటకారంలో ఉంది. చంద్రయాత్రకు డబ్బు, ఓపిక, కార్మికుల్ని పోగుచేయగలిగేది పని లేని ఫిరంగివాళ్లేనన్నాడు. దాన్ని హాస్యమనుకుని అందరూ దాటేశారు. ఆయన తప్పంతా ప్రపంచ ప్రజల చందాలు వస్తాయనుకోవడంలో ఉంది.

1937లో బాల్టిక్ తీరాన పీనెముండేలో రహస్య కేంద్రం తెరిచారు. రహస్యాలు బయటపడతాయని నాజీలు 'ఫ్రావ్ ఇమ్ మోండ్' సినిమాను తొక్కిపెట్టారు. 1942 అక్టోబరు 3న మొదటిసారి విజయవంతంగా ఎగిరిన రాకెట్, తర్వాత వీ-2 అని లోకానికి తెలిసినది, 190 కిలోమీటర్లు పోయింది. దాని ఒంటి మీద ఇంజనీర్లు వేసుకున్న బొమ్మ ఏమిటో తెలుసా? నెలవంక మీద కూర్చున్న స్త్రీ, ఆ సినిమా గుర్తు. రెండేళ్ల తర్వాత ఆ రాకెట్లు లండన్ మీద, ఆంట్‌వెర్ప్ మీద పడ్డాయి. 1944 డిసెంబరు 16న ఆంట్‌వెర్ప్‌లోని రెక్స్ సినిమా హాలు మీద పడిన ఒక్కటే 567 మందిని చంపింది. వాటిని తయారుచేసింది మిటెల్‌బావ్-డోరా నిర్బంధ శిబిరంలోని ఖైదీలు, కొండ తొలిచిన సొరంగాల్లో. అక్కడికి తెచ్చిన సుమారు 60 వేల మందిలో దాదాపు 20 వేల మంది చనిపోయారు. పేలినప్పటి కంటే తయారయ్యేటప్పుడు ఎక్కువమందిని చంపిన ఆయుధం చరిత్రలో ఇంకొకటి నాకు గుర్తు రావడం లేదు. ఫాన్ బ్రౌన్ ఆ సొరంగాలకు వెళ్లి వచ్చినవాడే. కలలు కన్న కుర్రాడు చేతికి దొరికిన గుర్రమెక్కాడని ఆయన్ను సమర్థించేవాళ్లున్నారు. ఆ గుర్రం ఎవరి మీదుగా నడిచిందో వాళ్లు చెప్పరు.

యుద్ధం తర్వాత ఆయన అమెరికా చేరాడు. నాజీలు వచ్చాక దేశం వదిలిపోయిన విల్లీ లే, ఆ నాజీలకే పనిచేసిన ఫాన్ బ్రౌన్ 1955లో వాల్ట్ డిస్నీ టీవీ కార్యక్రమంలో అమెరికన్ పిల్లలకు అంతరిక్షయానం గురించి చెప్పారు. ఆ ప్రచారం కథ విడిగా చెప్పుకోవలసినంత ఉంది, ఇక్కడ ఆపుతాను.

ఫిరంగి మాత్రం పూర్తిగా చావలేదు. మనుషుల్ని కాకపోయినా ఉత్త సామానును పంపవచ్చు కదా అని కెనడా ఇంజనీరు జెరాల్డ్ బుల్ జీవితమంతా దాన్నే పట్టుకుని వేలాడాడు. రెండు నౌకాఫిరంగుల గొట్టాలు కలిపి, 1966 నవంబరులో అమెరికాలోని యూమా ఎడారి నుంచి 180 కిలోమీటర్ల ఎత్తుకు గుండు పంపాడు. అంటే అంతరిక్షం అంచు దాటినట్టే. కానీ పైకి పోయింది తిరిగి పడింది, కక్ష్యలో నిలవలేదు. డబ్బు ఆగిపోయాక ఆయన అడిగినవాళ్లకల్లా ఫిరంగులు చేసిపెట్టాడు, చివరికి ఇరాక్ కోసం 156 మీటర్ల పొడవున్నదాన్ని మొదలుపెట్టాడు. 1990 మార్చి 22న బ్రస్సెల్స్‌లో ఇంటి గుమ్మం దగ్గరే ఎవరో కాల్చి చంపారు. కొద్ది రోజులకు ఆ ఫిరంగి గొట్టాలు బ్రిటిష్ కస్టమ్స్‌వాళ్లకు దొరికాయి, కాగితాల్లో పెట్రో కెమికల్ పైపులని రాసి ఉంది.

1969 జులై 17న, అపోలో-11 చంద్రుడి దారిలో ఉండగా, న్యూయార్క్ టైమ్స్ తన 49 ఏళ్లనాటి మాటను వెనక్కి తీసుకుంది. రాకెట్ శూన్యంలోనూ పనిచేస్తుందని రుజువైందని, పొరపాటుకు విచారిస్తున్నామని ముద్రించింది. గోడార్డ్ 1945లోనే కన్నుమూశాడు. ఒబెర్త్ మాత్రం ఆ ప్రయోగాన్ని ఫ్లోరిడాలో కళ్లారా చూశాడు. తిరుగుప్రయాణంలో జులై 23న నీల్ ఆర్మ్‌స్ట్రాంగ్ టీవీ ప్రసారంలో వెర్న్‌ను తలచుకున్నాడు. వందేళ్ల కిందటి ఆ పుస్తకంలోని నౌక పేరు కూడా తమ నౌకలాగే కొలంబియాయేనని, అదీ ఫ్లోరిడా నుంచే బయలుదేరిందని చెప్పాడు. నవలలో కొలంబియాడ్ అన్నది నౌక పేరు కాదు, ఫిరంగి పేరు. చంద్రుడి మీద నడిచి వస్తున్న మనిషిని ఎవరు సరిదిద్దుతారు?

వచ్చే భాగంలో ఓరియన్ కథ. ఓడ వెనక అణుబాంబులు ఒకదాని తర్వాత ఒకటి పేల్చుకుంటూ 1970కల్లా శనిగ్రహం చేరదామని ఫ్రీమన్ డైసన్ వంటి భౌతికశాస్త్రజ్ఞులు 1958 నుంచి ఏళ్లతరబడి నిజంగానే లెక్కలు వేశారు. లెక్కలు సరిపోయాయి. ఆ ఓడ ఎందుకు కదల్లేదో చూద్దాం.